సీనియారిటీ వివాదంలో వాదన వినిపించుకునే హక్కు: ప్రభుత్వ ఉద్యోగులకు సమగ్ర మార్గదర్శి

ఉద్యోగంలో చేరిన రోజు నుంచి పదవీ విరమణ వరకు ప్రభుత్వోద్యోగి పదోన్నతిని, దానితో వచ్చే జీతభత్యాలను, చివరికి పెన్షన్‌ను కూడా ప్రభావితం చేసే కాగితం సీనియారిటీ జాబితా. అయినా తన పేరు ఏ వరుస సంఖ్యలో ఉందో, ఆ సంఖ్య ఎలా వచ్చిందో పదోన్నతుల ప్యానెల్ తయారయ్యేదాకా చూసుకోని ఉద్యోగులు ప్రతి కార్యాలయంలోనూ ఉంటారు. జాబితా మారేముందు తన మాట వినాలని అడిగే హక్కు ప్రతి ఉద్యోగికీ ఉంది. కానీ ఆ హక్కుకు గడువులు, పద్ధతులు ఉన్నాయి. వాటిని పాటించినవారికే అది అక్కరకు వస్తుంది. ఆంధ్రప్రదేశ్, తెలంగాణ రాష్ట్ర ప్రభుత్వ ఉద్యోగులను ప్రధానంగా దృష్టిలో పెట్టుకుని, కేంద్ర ప్రభుత్వ ఉద్యోగులకు వేరుగా వర్తించే అంశాలను అక్కడక్కడా చెబుతూ, ఈ హక్కును మొదటి నుంచి చివరి వరకు ఎలా వాడుకోవాలో కింద వివరిస్తున్నాను.

ఈ హక్కు ఎక్కడి నుంచి వచ్చింది

చాలామంది తమ అర్జీల్లో రాజ్యాంగంలోని 311వ అధికరణాన్ని ఉదహరిస్తారు. అది సరైన ఆధారం కాదు. ఆ అధికరణం తొలగింపు, బర్తరఫ్, హోదా తగ్గింపు అనే శిక్షలకు సంబంధించినది. సీనియారిటీ జాబితాలో కొన్ని స్థానాలు కిందికి పోవడం హోదా తగ్గింపు కిందికి రాదని పశ్చిమ బెంగాల్‌కు చెందిన ఒక న్యాయాధికారి విషయంలో, కలకత్తా హైకోర్టు వర్సెస్ అమల్ కుమార్ రాయ్ కేసులో, సుప్రీంకోర్టు 1962లోనే చెప్పింది. 311పై మాత్రమే ఆధారపడి రాసిన అర్జీని తోసిపుచ్చడానికి కార్యాలయానికి ఆ ఒక్క తీర్పు చాలు.

అసలు ఆధారం సమానత్వాన్ని, ప్రభుత్వ ఉద్యోగాల్లో సమాన అవకాశాన్ని చెప్పే 14, 16 అధికరణాలు, వాటితో కలిసి నడిచే సహజ న్యాయ సూత్రాలు (నష్టపోయేవారిని ముందుగా వినాలి అన్నటువంటివి). ఒరిస్సా వైద్య సేవలో పనిచేసిన డాక్టర్ బీణాపాణి దేయి పుట్టినతేదీని ప్రభుత్వం విచారణ జరిపి మార్చింది, కానీ ఆ విచారణ నివేదికను ఆమెకు చూపలేదు. పరిపాలనాపరమైన ఉత్తర్వే అయినా అది ఒక వ్యక్తి హక్కులకు నష్టం కలిగించేటప్పుడు, ఆ వ్యక్తికి వ్యతిరేకంగా ఉన్న సమాచారాన్ని ముందుగా తెలిపి, జవాబు చెప్పుకునే అవకాశం ఇవ్వాల్సిందేనని సుప్రీంకోర్టు 1967లో తేల్చింది. రైల్వే ఉద్యోగి భగవాన్ శుక్లా మూలవేతనాన్ని 190 రూపాయల నుంచి 181 రూపాయలకు, అదీ సుమారు ఇరవై ఏళ్ల వెనుక తేదీ నుంచి, నోటీసు లేకుండా తగ్గించిన ఉత్తర్వును 1994లో కొట్టివేసింది కూడా ఈ సూత్రం మీదనే. ఖరారైన సీనియారిటీ స్థానాన్ని కిందికి దించడం కూడా ఇలాంటి నష్టమే. అర్జీలో పేర్కొనాల్సిన తీర్పులు ఇవి.

ఈ హక్కుకున్న హద్దులు కూడా తెలిసి ఉండాలి. సీనియారిటీని నిర్ణయించే నియమాన్నే ప్రభుత్వం, సర్వీసు నియమాలు చేసే అధికారమిచ్చే 309వ అధికరణం కింద మార్చితే, ఆ మార్పుకు ముందు ఒక్కో ఉద్యోగినీ పిలిచి వినాల్సిన పని లేదు. అక్కడ ప్రశ్నించాల్సింది నియమం చెల్లుబాటునే. 1956లో ఆంధ్ర, హైదరాబాద్ ఇంజనీర్లను ఒకే శ్రేణిలో కలిపినప్పుడు తలెత్తిన మహమ్మద్ షుజాత్ అలీ కేసులో, పదోన్నతికి తన పేరు పరిశీలించాలని కోరే హక్కు సర్వీసు షరతే గాని పదోన్నతి అవకాశాలు సర్వీసు షరతు కావని సుప్రీంకోర్టు వివరించింది. అలాగే విన్నా ఫలితం మారే వీలే లేదని, వాస్తవాలపై వివాదమే లేదని తేలితే, వినలేదన్న ఒక్క కారణంతో కోర్టులు ఉత్తర్వును రద్దు చేయడం ఇటీవలి కాలంలో తగ్గింది. అందువల్ల ‘నన్ను వినలేదు’ అని రాస్తే సరిపోదు. ‘విని ఉంటే ఫలానా పత్రం చూపేవాడిని, దానివల్ల నా స్థానం ఫలానా విధంగా మారేది’ అని రాయాలి. ఈ మార్గదర్శి అంతటా నేను పట్టుబట్టేది ఈ ఒక్క విషయం మీదనే.

మొదటి మెట్టు: ఏ జాబితా, ఏ దశ

చేతికి వచ్చిన కాగితం తాత్కాలిక జాబితానా, తుది జాబితానా, లేక ఇదివరకే ఖరారైన జాబితాకు సవరణా అన్నది మొదట తేల్చుకోండి. తాత్కాలిక జాబితాతో పాటు అభ్యంతరాలకు గడువు ఇస్తారు. ఆ గడువులో అందిన అభ్యంతరాలను పరిశీలించిన తర్వాతే తుది జాబితా రావాలి. ఈ దశలో వినడమంటే సాధారణంగా రాతపూర్వక అభ్యంతరాన్ని స్వీకరించి, దానికి కారణాలతో జవాబివ్వడమే. తుది జాబితా వెలువడి, దాని ఆధారంగా కొన్నేళ్లు గడిచి, ఎవరో ఒకరి అర్జీ మీద దాన్ని సవరించాలనుకుంటే మాత్రం పరిస్థితి వేరు. సవరణ వల్ల కిందికి వెళ్లే ప్రతి ఒక్కరికీ విడిగా నోటీసు ఇవ్వాలని గట్టిగా అడగవచ్చు.

జాబితాను నోటీసు బోర్డు మీద అంటించినా, శాఖ వెబ్‌సైట్‌లో పెట్టినా ప్రచురించినట్టేనని కార్యాలయాలు వాదిస్తాయి. డిప్యుటేషన్ మీద, దీర్ఘకాలిక సెలవులో, శిక్షణలో ఉన్నవారు నష్టపోయేది ఇక్కడే. మాతృశాఖకు ప్రస్తుత చిరునామా, ఈమెయిల్ రాసి ఇచ్చి, దాని నకలు దగ్గర పెట్టుకోండి. జాబితా మీకు ఏ తేదీన, ఎలా తెలిసిందో కూడా రాసి ఉంచండి. రేపు ఆలస్యం ప్రశ్న వచ్చినప్పుడు ఆ తేదీ అవసరమవుతుంది.

రెండో మెట్టు: కాగితాలు పోగు చేయడం

కావాల్సినవి ఇవి: నియామక ఉత్తర్వు, ఎంపిక సంస్థ ఇచ్చిన మెరిట్ జాబితా, చేరిక నివేదిక, ప్రొబేషన్ డిక్లరేషన్ ఉత్తర్వు, తాత్కాలిక పదోన్నతి ఉంటే దాన్ని క్రమబద్ధీకరించిన ఉత్తర్వు, బదిలీ ఉత్తర్వులు, గతంలో వెలువడిన సీనియారిటీ జాబితాలన్నీ. బదిలీ ఉత్తర్వులో ‘సొంత అభ్యర్థన మేరకు’ అని ఉందా, ‘పరిపాలనా అవసరాల మేరకు’ అని ఉందా అన్నది వేలితో పట్టి చదవండి, ఎందుకంటే మొత్తం వివాదం కొన్నిసార్లు ఆ ఒక్క పదబంధం మీదనే నిలుస్తుంది. సర్వీసు రిజిస్టర్‌లో ప్రతి నమోదు కింద అధికారి సంతకం, ప్రొసీడింగ్స్ సంఖ్య ఉన్నాయో లేదో చూసి, పేజీలన్నింటి జిరాక్స్ తీసుకోండి.

మీ కాగితాలు ఒక్కటే సరిపోవు. మీకంటే పైన చూపించిన వ్యక్తి నియామక తేదీ, క్రమబద్ధీకరణ ఉత్తర్వు, మెరిట్ ర్యాంకు కూడా కావాలి. ముందుగా కార్యాలయాన్నే రాతపూర్వకంగా అడగండి. ఇవ్వకపోతే సమాచార హక్కు చట్టం, 2005 కింద దరఖాస్తు చేయండి. రెండు తెలుగు రాష్ట్రాల్లోనూ గ్రామ స్థాయి కార్యాలయంలో రుసుము లేదు, మండల స్థాయిలో 5 రూపాయలు, ఆ పైన 10 రూపాయలు. 30 రోజుల్లో జవాబు రాకపోతే మొదటి అప్పీలు వేయవచ్చు. ఇతరుల వ్యక్తిగత సమాచారమని తిరస్కరించే అవకాశం ఉంది కాబట్టి, సర్వీసు రిజిస్టర్ మొత్తం అడగవద్దు. ‘ఫలానా తేదీ తాత్కాలిక జాబితాలో ఫలానా వరుస సంఖ్యను నిర్ణయించడానికి ఆధారం చేసుకున్న ఉత్తర్వుల నకళ్లు, నోట్ ఫైల్ పేజీలు’ అని అడగండి. సమాచారం కోసం ఎదురుచూస్తూ అభ్యంతరాల గడువును మాత్రం దాటనివ్వకండి. చేతిలో ఉన్నదానితో అభ్యంతరం ఇచ్చి, మిగిలినవి అందగానే అదనపు అభ్యంతరం దాఖలు చేస్తానని అందులోనే రాయండి.

మూడో మెట్టు: మీకు వర్తించే నియమాన్ని పట్టుకోవడం

రాష్ట్ర ఉద్యోగులకు మూలం 1996 నాటి రాష్ట్ర, సబార్డినేట్ సర్వీసు నియమావళి. ఉమ్మడి రాష్ట్రంలో వచ్చిన ఈ నియమావళిని తెలంగాణ కూడా తనకు అన్వయించుకుంది. ఇందులో 33వ నియమం ప్రకారం ఒక సర్వీసులో, కేటగిరీలో మొదటి నియామక తేదీయే సీనియారిటీకి ప్రాతిపదిక. ఒకేసారి పలువురిని నియమించినప్పుడు ఎంపిక సంస్థ ఇచ్చిన ర్యాంకు క్రమం చూస్తారు. అందువల్ల ఒకే డీఎస్సీలో ఎంపికైన ఇద్దరు ఉపాధ్యాయుల్లో ముందు చేరినవారు సీనియర్ అనుకోవడం పొరపాటు. కౌన్సెలింగ్‌లో వెనుక పిలుపు వచ్చినా, మెరిట్‌లో ముందున్నవారి వాదనే బలంగా ఉంటుంది. రోస్టర్ పాయింటు (ఏ ఖాళీ ఏ రిజర్వేషన్ వర్గానికో చెప్పే వరుస సంఖ్య) రిజర్వేషన్ల అమలుకే తప్ప సీనియారిటీ నిర్ణయానికి కాదని బిమలేశ్ తన్వర్ కేసులో 2003లో సుప్రీంకోర్టు చెప్పిన మాటను కూడా ఈ సందర్భంలో గుర్తుంచుకోవాలి.

సొంత అభ్యర్థన మీద ఒక యూనిట్ (సీనియారిటీని విడిగా లెక్కించే జిల్లా, జోన్ వంటి విభాగం) నుంచి మరో యూనిట్‌కు వెళ్లినవారికి 35వ నియమం ప్రకారం కొత్త యూనిట్‌లో చేరిన తేదీ నుంచే సీనియారిటీ; పరిపాలనా కారణాలతో పంపితే పాత యూనిట్‌లోని మొదటి నియామక తేదీ కొనసాగుతుంది. ఏది యూనిట్ అన్నది 371-డి అధికరణం కింద వచ్చిన రాష్ట్రపతి ఉత్తర్వులు తేలుస్తాయి. 1975 నాటి ఉత్తర్వు స్థానంలో తెలంగాణకు 2018లో కొత్తది వచ్చింది. దాని అమలు కోసం 2021 డిసెంబరు 6న వెలువడిన 317వ నంబరు జీవో కింద ఉద్యోగులను కొత్త జిల్లాలు, జోన్లకు పంచిన కేటాయింపుల్లో స్థానికత కంటే సీనియారిటీకే ప్రాధాన్యం దక్కిందన్న ఆవేదన వేలాది కుటుంబాల్లో కలిగింది. సీనియారిటీ జాబితాలో ఒక తప్పు పదోన్నతితో ఆగదని, ఉద్యోగి ఏ జిల్లాలో బతకాలో కూడా అదే నిర్ణయించగలదని ఆ అనుభవం చూపింది.

తాత్కాలిక, అడ్‌హాక్ సేవను లెక్కించాలా వద్దా అన్నది అన్నిటికంటే తరచుగా వచ్చే తగాదా. 1990 నాటి డైరెక్ట్ రిక్రూట్ క్లాస్ టూ ఇంజనీరింగ్ ఆఫీసర్ల సంఘం కేసులో రాజ్యాంగ ధర్మాసనం చెప్పినదాని సారం ఇది: నియమాల ప్రకారం నియమితుడైతే నియామక తేదీ నుంచి లెక్క, నియమాలకు భిన్నంగా, కేవలం తాత్కాలిక ఏర్పాటుగా నియమితుడైతే ఆ కాలం లెక్కలోకి రాదు. ఇక నేరుగా ఎంపికైనవారికి తాము ఇంకా సర్వీసులో చేరని తేదీ నుంచి సీనియారిటీ ఇవ్వడం కుదరదని మణిపూర్ పోలీసు అధికారులకు సంబంధించిన మేఘచంద్ర సింగ్ కేసులో 2019లో తీర్పు వచ్చింది. కేంద్ర ఉద్యోగులు తమ శాఖ నియామక నియమాలతో పాటు 1986 జూలై 3 నాటి సమగ్ర సీనియారిటీ ఆదేశాలను, వాటికి తర్వాత వచ్చిన సవరణలను చూడాలి.

ఒక ఊహాత్మక ఉదాహరణ తీసుకుందాం. ఒక జిల్లా కార్యాలయంలో రమణ గారికి 2014 జూలైలో 10వ నియమం కింద సీనియర్ అసిస్టెంట్‌గా తాత్కాలిక పదోన్నతి ఇచ్చారు. 2016 మార్చిలో ఆయన సేవలను క్రమబద్ధీకరించారు. లక్ష్మి గారు 2015 జనవరిలో ప్యానెల్ ద్వారా క్రమబద్ధంగా పదోన్నతి పొందారు. తాత్కాలిక జాబితాలో రమణ గారు 14, లక్ష్మి గారు 15. పైపైన చూస్తే లక్ష్మి గారి వాదన తేలిక: తాత్కాలిక సేవ లెక్కకు రాదు, కాబట్టి 2015 ముందు, 2016 వెనుక. కానీ 2016 నాటి ఉత్తర్వును తెప్పించి చదివితే ‘2014 జూలై నుంచి వర్తించేలా’ క్రమబద్ధీకరించినట్టు అందులో ఉందనుకుందాం. అప్పుడు జాబితా తయారుచేసిన గుమస్తా తప్పేమీ చేయలేదు, ఉత్తర్వులో ఉన్న తేదీనే ఎక్కించాడు. అసలు వివాదం 2016 ఉత్తర్వులో ఉంది. ఆ వెనుక తేదీ ఇచ్చేముందు లక్ష్మి గారికి నోటీసు ఇచ్చారా, ఆ తేదీ నాటికి రమణ గారికి అర్హతలు, ఖాళీ పోస్టు ఉన్నాయా అన్నవి ప్రశ్నలు. ఆ ఉత్తర్వును వదిలేసి జాబితా మీద మాత్రమే ఎన్ని అభ్యంతరాలు రాసినా ప్రయోజనం ఉండదు. జాబితాలో మీకు నచ్చని ప్రతి తేదీ వెనుక ఏ ఉత్తర్వు ఉందో వెతకమని చెప్పేది ఇందుకే.

నాలుగో మెట్టు: అభ్యంతరం రాయడం

మంచి అభ్యంతరం పొడుగ్గా ఉండనక్కరలేదు. ఎవరికంటే పైన ఉండాలని కోరుతున్నారో వరుస సంఖ్యతో చెప్పాలి, ఏ నియమం ప్రకారమో చెప్పాలి, ఏ పత్రం రుజువో చెప్పి జతపరచాలి. అవతలి వ్యక్తి పనితీరును గాని, కార్యాలయ సిబ్బంది ఉద్దేశాలను గాని విమర్శించవద్దు. రుజువు లేని ఆరోపణ ఒక్కటి ఉన్నా, దానికి జవాబు రాసి మిగతా అర్జీని పక్కన పెట్టే వీలు కలుగుతుంది. పై ఉదాహరణలో లక్ష్మి గారి అభ్యంతరంలోని ప్రధాన భాగం ఇలా ఉండవచ్చు:

“సూచిక (1)లోని తాత్కాలిక సీనియారిటీ జాబితాలో నన్ను 15వ వరుస సంఖ్యలో చూపారు. నేను ప్యానెల్ ద్వారా సీనియర్ అసిస్టెంట్‌గా క్రమబద్ధంగా నియమితురాలినై 2015 జనవరిలో విధుల్లో చేరాను (జత 1, 2). 14వ వరుస సంఖ్యలోని ఉద్యోగి నియామకం 10వ నియమం కింద తాత్కాలికమైనది (జత 3). దాన్ని 2014 జూలై నుంచి వర్తించేలా క్రమబద్ధీకరించిన సూచిక (2) ఉత్తర్వును నాకు తెలియజేయలేదు, అది నా సీనియారిటీని తగ్గించేదైనా నాకు నోటీసు ఇవ్వలేదు. ఆ ఉత్తర్వు నకలు నాకు ఫలానా తేదీన మాత్రమే అందింది. కాబట్టి సూచిక (2)ను పునఃపరిశీలించి, 33వ నియమం ప్రకారం నన్ను 14వ స్థానంలో చూపవలసిందిగా కోరుతున్నాను. నా అభ్యర్థనకు భిన్నంగా నిర్ణయించదలిస్తే, అందుకు ఆధారమయ్యే పత్రాల నకళ్లు నాకిచ్చి, వ్యక్తిగతంగా వివరించుకునే అవకాశం కల్పించి, ఆ తర్వాతే కారణాలతో కూడిన ఉత్తర్వు జారీచేయవలసిందిగా ప్రార్థిస్తున్నాను. అంతవరకు ఈ జాబితా ఆధారంగా పదోన్నతి ప్యానెల్ తయారుచేయవద్దని కోరుతున్నాను.”

చివరి రెండు వాక్యాలు ముఖ్యమైనవి. వ్యక్తిగత విచారణ అన్నది ప్రతి సందర్భంలోనూ దానంతట అదే లభించే హక్కు కాదు. రాతపూర్వక అవకాశం చాలని చాలా తీర్పులున్నాయి. స్పష్టంగా అడిగి, వాస్తవాలపై వివాదం ఉందని చూపినప్పుడే, నిరాకరణ అన్యాయమని తర్వాత వాదించగలుగుతారు.

ఐదో మెట్టు: దాఖలు చేయడం

అభ్యంతరాన్ని మీ కార్యాలయాధిపతి ద్వారా పంపండి, ముందస్తు నకలును నియామకాధికారికి నేరుగా స్పీడ్ పోస్టులో పంపండి. టపా విభాగంలో ఇస్తే మీ నకలు మీద తేదీతో ముద్ర, ఇన్‌వార్డ్ సంఖ్య వేయించుకోకుండా వెనక్కి రావద్దు. సంఘం ఇచ్చే వినతిపత్రం మద్దతుగా ఉపయోగపడుతుంది గాని, వ్యక్తిగత అభ్యంతరానికి అది ప్రత్యామ్నాయం కాదు.

ఆరో మెట్టు: విచారణ రోజు

విచారణకు పిలిచిన నోటీసులో ఏ ప్రతిపాదన మీద వింటున్నారో లేకపోతే, అది చెప్పమని ముందుగానే రాసి అడగండి. ఎదుటి పక్షం ఇచ్చిన అర్జీ నకలు అడగండి. అది చూడకుండా ఇచ్చే జవాబు చీకట్లో విసిరిన రాయి. సిద్ధం కావడానికి సమయం చాలకపోతే సహేతుకమైన వాయిదా కోరవచ్చు, కానీ రెండోసారి కోరితే జాప్యం మీ ఖాతాలో పడుతుంది.

మాటల్లో చెప్పదలచుకున్నదంతా రెండు మూడు పేజీల రాతపూర్వక నివేదనగా తీసుకువెళ్లి, తేదీల పట్టిక జతపరచి, అక్కడే అందజేసి రసీదు తీసుకోండి. హాజరు కాగితంలో ‘విన్నారు, చెప్పుకోవాల్సిందేమీ లేదన్నారు’ లాంటి వాక్యం ఉంటే సంతకం చేయడానికి ముందు చదవండి. రాసినది సరికాకపోతే ‘నా రాతపూర్వక నివేదన ఇచ్చాను’ అని చేర్చి సంతకం చేయండి. ఇంటికి చేరిన రోజునే, విచారణలో ఎవరు ఉన్నారు, ఏ పత్రాలు చూపారు అన్నది అధికారికి ఒక లేఖగా రాసి పంపడం మంచి అలవాటు.

వింటున్న అధికారి, నిర్ణయించే అధికారి ఒక్కరేనా అన్నది గమనించండి. ఈ ప్రశ్నకు జవాబు చెప్పిన పెద్ద తీర్పు మన నేల మీద పుట్టిందే. కృష్ణా జిల్లాలో బస్సు రూట్ల జాతీయీకరణపై ప్రైవేటు ఆపరేటర్ల అభ్యంతరాలను రవాణా శాఖ కార్యదర్శి విన్నారు, నిర్ణయం మాత్రం ముఖ్యమంత్రి తీసుకున్నారు. ఒకరు విని మరొకరు నిర్ణయిస్తే వ్యక్తిగత విచారణ ఉత్త లాంఛనంగా మిగులుతుందని గుళ్లపల్లి నాగేశ్వరరావు కేసులో 1959లో సుప్రీంకోర్టు చెప్పింది. అది సర్వీసు వివాదం కాకపోయినా, విచారణ జరిపిన అధికారి బదిలీ అయి, కొత్తగా వచ్చినవారు మళ్లీ వినకుండా ఉత్తర్వు ఇచ్చినప్పుడు ఉద్యోగులు దానిమీద ఆధారపడవచ్చు. అయితే రాతపూర్వక అభ్యంతరం మీదనే నిర్ణయం జరిగిన చోట దీనికి అంత బలం ఉండదు.

నిర్ణయించేవారిలో ఎవరికైనా ఆ జాబితాలో స్వప్రయోజనం ఉంటే విచారణ మొదలుకాకముందే రాతపూర్వకంగా అభ్యంతరం చెప్పాలి. ఇండియన్ ఫారెస్ట్ సర్వీసు ఎంపికలో అభ్యర్థిగా ఉన్న అధికారే ఎంపిక మండలిలోనూ కూర్చున్నారు. తన పేరు చర్చకు వచ్చినప్పుడు తప్పుకున్నా, ప్రత్యర్థుల పేర్లు వచ్చినప్పుడు పాల్గొన్నారు. క్రైపాక్ కేసులో 1969లో ఆ ఎంపికలు రద్దయ్యాయి. ఫలితం వచ్చాక చేసే పక్షపాత ఆరోపణను మాత్రం కోర్టులు అనుమానంగా చూస్తాయి.

మీరే కిందికి వెళ్లాల్సిన పక్షమైతే

న్యాయమైన విచారణ గురించిన చర్చ చాలాసార్లు ఫిర్యాదు చేసిన వ్యక్తి చుట్టూనే తిరుగుతుంది. నా అనుభవంలో అంతకంటే ఎక్కువ అన్యాయం జరిగేది నిశ్శబ్దంగా కూర్చున్న రెండో పక్షానికి. ఒకరు హైకోర్టుకు వెళ్తారు. ‘అర్జీని చట్టప్రకారం పరిశీలించి ఫలానా గడువులోగా ఉత్తర్వు ఇవ్వండి’ అని కోర్టు అంటుంది. కార్యాలయం దాన్ని ‘కోర్టు ఇవ్వమంది’ అని చదువుకుని, గడువు తరుముతుండగా, మిగతావారికి ఒక్క కాగితం కూడా పంపకుండా జాబితా మార్చేస్తుంది. పరిశీలించమన్న ఆదేశం ఎవరి హక్కునూ తేల్చదు, మిగతావారిని వినవద్దని కూడా చెప్పదు.

ఇలాంటి సవరణ జరగబోతోందని తెలియగానే, నోటీసు కోసం ఎదురుచూడకుండా మీరే నియామకాధికారికి రాయండి: నా స్థానం తగ్గించే ప్రతిపాదన ఏదైనా ఉంటే నాకు నోటీసు, ప్రతిపక్ష అర్జీ నకలు ఇచ్చి, నన్ను విన్న తర్వాతే నిర్ణయించాలని. ఉత్తర్వు ముందే వచ్చేసి, ‘ఇప్పుడు అభ్యంతరం చెప్పండి’ అంటే, ఆ అవకాశాన్ని నిరసన తెలుపుతూనే వాడుకోండి. నిర్ణయం తీసుకున్నాక వినడం వల్ల నిజమైన మేలు అరుదని, ఒకసారి తీసుకున్న నిర్ణయాన్ని నిలబెట్టుకోవాలనే మొగ్గు సహజమని హెచ్.ఎల్. త్రేహన్ కేసులో సుప్రీంకోర్టు గుర్తించింది. కోర్టులో కేసు నడుస్తుంటే ప్రతివాదిగా చేర్చమని దరఖాస్తు వేయండి. తీర్పు వచ్చేసి ఉంటే, కోర్టు అనుమతితో అప్పీలు వేసే దారి ఉంది.

ఏడో మెట్టు: ఉత్తర్వును చదవడం

ఉత్తర్వు అందగానే అందులో మీరు లేవనెత్తిన ప్రతి అంశానికీ జవాబు ఉందో లేదో గుర్తులు పెట్టుకుంటూ చదవండి. ‘మీ అభ్యంతరాన్ని పరిశీలించి తిరస్కరించడమైనది’ అన్న ఒక్క వాక్యం కారణాలతో కూడిన ఉత్తర్వు కాదు. సమాచార హక్కు చట్టంలోని 4(1)(డి) సెక్షన్ ప్రకారం, నిర్ణయం వల్ల ప్రభావితమైనవారికి కారణాలు తెలపడం కార్యాలయం బాధ్యత. ఉద్యోగుల అర్జీల్లో ఈ సెక్షన్ ఎందుకో అంతగా కనిపించదు, నిజానికి చాలా పనికొస్తుంది. ఉత్తర్వులో లేని కారణాలను తర్వాత కోర్టు కౌంటర్లో కొత్తగా చేర్చి దాన్ని నిలబెట్టుకోలేరని 1977 నాటి మొహిందర్ సింగ్ గిల్ తీర్పు. కాబట్టి కారణాలు లేని ఉత్తర్వు అందితే, కారణాలు చెప్పమని ఒక్కసారి అడగండి. పదేపదే అడుగుతూ కాలం గడపవద్దు.

ఎనిమిదో మెట్టు: పై అధికారి, కోర్టు

ఉత్తర్వులో గాని, నియమాల్లో గాని అప్పీలుకు గడువు ఉంటే అందులోపు పై అధికారికి అప్పీలు వేయండి. ఆ తర్వాతి దారి ఉద్యోగిని బట్టి మారుతుంది. తెలంగాణ ఉద్యోగులకు పరిపాలనా ట్రిబ్యునల్ పరిధి 2016లో, ఆంధ్రప్రదేశ్ ఉద్యోగులకు 2020లో ముగిసింది. ఇప్పుడు రాష్ట్ర ఉద్యోగులు 226వ అధికరణం కింద నేరుగా తమ హైకోర్టుకే వెళ్లాలి. కేంద్ర ఉద్యోగులు కేంద్ర పరిపాలనా ట్రిబ్యునల్ హైదరాబాద్ బెంచ్‌కు వెళ్లాలి. 1985 నాటి చట్టం ప్రకారం శాఖలో ఉన్న మార్గాలను ముందు వాడుకోవాలి. తుది ఉత్తర్వు వచ్చిన ఏడాదిలోపు దరఖాస్తు వేయాలి. అప్పీలుకు ఆరు నెలలపాటు జవాబు రాకపోతే, ఆ ఆరు నెలలు ముగిశాక ఏడాది ఉంటుంది.

హైకోర్టుకు అలా అంకెల్లో రాసిన గడువు లేదు. దాన్ని నమ్ముకుని ఆలస్యం చేసినవారు సీనియారిటీ కేసుల్లో ఎక్కువగా ఓడిపోతారు. 1958 నాటి ముసాయిదా జాబితాను 1976లో ప్రశ్నించిన కె.ఆర్. ముద్గల్ కేసులో, ఖరారైన సీనియారిటీని అంతకాలం తర్వాత కదపకూడదని సుప్రీంకోర్టు 1986లో చెప్పింది. మూడు, నాలుగేళ్లు దాటితే గట్టి కారణం చూపాల్సిందేనని శివశంకర్ మహాపాత్ర కేసు నుంచి అర్థమవుతుంది. జీతం తప్పుగా లెక్కిస్తే ప్రతి నెలా కొత్త నష్టమని వాదించవచ్చు గాని, ఇతరుల హక్కులను తాకే సీనియారిటీకి ఆ వెసులుబాటు లేదని తర్సేమ్ సింగ్ కేసులో 2008లో తేలింది. పాతబడిన కోరికపై కొత్త అర్జీ పెట్టి, దాన్ని తిరస్కరించిన తేదీ నుంచి గడువు లెక్కించడం కుదరదని అదే ఏడాది సి. జాకబ్ కేసులో స్పష్టమైంది. ‘ఇంకొక్క రిప్రజెంటేషన్ ఇచ్చి చూద్దాం’ అన్న సలహా కార్యాలయాల్లో ఎవరో ఒకరు ప్రేమగానే ఇస్తారు. ఆ సలహా వల్ల మంచి కేసులు పాడైపోవడం బాధాకరం.

కోర్టుకు వెళ్లేటప్పుడు మీ విజయం వల్ల కిందికి వెళ్లేవారిని ప్రతివాదులుగా చేర్చాలి. వారు చాలా ఎక్కువ మంది అయితే కనీసం కొందరినైనా ప్రాతినిధ్య హోదాలో చేర్చాలని 1984 నాటి ప్రబోధ్ వర్మ తీర్పు. వ్యక్తులపై కాకుండా విధానం మీదనే పోరాటమైతే చేర్చకపోయినా చెల్లుతుందని సికింద్రాబాద్ కేంద్రంగా ఉన్న దక్షిణ మధ్య రైల్వేకు సంబంధించిన సిద్ధాంతి కేసులో 1974లో చెప్పారు. అయినా నా సలహా చేర్చడమే. విచారణ హక్కు కోసం కోర్టుకెక్కి, ఎదుటివారిని వినకుండా తీర్పు కోరడం న్యాయంగానూ ఉండదు, ఆ తీర్పు అప్పీలులో నిలవదు కూడా. ప్రార్థనలో తుది జాబితాతో పాటు దాని వెనుక ఉన్న క్రమబద్ధీకరణ లేదా బదిలీ ఉత్తర్వును, దాని ఆధారంగా జరిగిన పదోన్నతులను కూడా ప్రశ్నించండి. పదోన్నతులు జరగబోతుంటే, అవి తుది తీర్పుకు లోబడి ఉండేలా మధ్యంతర ఉత్తర్వు కోరండి. పూర్తి నిలుపుదల కంటే ఇది దొరకడం సులువు. ఈ దశలో సర్వీసు కేసులు వాదించే న్యాయవాది తప్పనిసరి.

తీర్పు అనుకూలంగా వస్తే

విచారణ జరగలేదన్న కారణంతో గెలిస్తే, కోర్టు సాధారణంగా మీ స్థానాన్ని తానే నిర్ణయించదు. పాత ఉత్తర్వును రద్దుచేసి, విని మళ్లీ నిర్ణయించమని వెనక్కి పంపుతుంది. అంటే నాలుగో మెట్టు నుంచి మళ్లీ నడవాలి. ఈసారి కాగితాలన్నీ ముందే సిద్ధంగా ఉంటాయి. తీర్పు సర్టిఫైడ్ నకలును కవరింగ్ లేఖతో నియామకాధికారికి అందజేసి రసీదు తీసుకోండి. గడువులోగా అమలు కాకపోతే కోర్టు ధిక్కరణ పిటిషన్‌కు 1971 నాటి చట్టం ప్రకారం ఏడాదే గడువు.

సవరించిన జాబితా చేతికొచ్చాక, మీకంటే జూనియర్ ఇప్పటికే పైపోస్టుకు వెళ్లి ఉంటే, వారి పదోన్నతి తేదీ నుంచే మీకు నోషనల్ పదోన్నతి (ఆ పోస్టులో పనిచేయకపోయినా వెనుక తేదీ నుంచి లెక్కించే పదోన్నతి) ఇచ్చి వేతనం స్థిరీకరించమని వేరుగా అర్జీ ఇవ్వండి. ఆ నోషనల్ తేదీ సర్వీసు రిజిస్టర్‌లో ప్రొసీడింగ్స్ సంఖ్యతో సహా నమోదై, కింద అధికారి సంతకం పడిందో లేదో ఒకసారి వెళ్లి చూసుకోండి. తర్వాతి ప్యానెల్‌కు, పెన్షన్ లెక్కకు కార్యాలయం చూసేది ఆ నమోదునే.